న్యూస్ కెమెరా నుంచి డాక్యుమెంటరీకి మారాలనుకుంటున్నా, సలహా కావాలి

ప్రశ్న:
ఒక ప్రాంతీయ ఛానెల్‌లో నాలుగేళ్లుగా న్యూస్ కెమెరామన్‌ని. ఈ మధ్య ఒక ముసలి వడ్రంగి మీద అరగంట డాక్యుమెంటరీ తీయమని నాకు అప్పగించారు. మూడు రోజులు తీశాను. ఎడిటర్ రషెస్ (ఇంకా ఎడిట్ చేయని ఫుటేజ్) చూసి, షాట్లు బాగున్నాయి కానీ ఒకదానితో ఒకటి అతకడం లేదన్నాడు. అప్పట్నుంచి ఒకటే టెన్షన్. నాకు ఈ పనిలోనే స్థిరపడాలని ఉంది. ఎక్కడ తప్పుతున్నాను? ఉద్యోగం మానేసి ఫ్రీలాన్స్‌కి వెళ్తే మంచిదా?

జవాబు 1:
ఉద్యోగం సంగతి తర్వాత, ముందు ఎడిటర్ మాట పట్టుకోండి. న్యూస్‌లో షాట్లు ఎలా ఉన్నా పైన వాయిస్ ఓవర్ వాటిని కలిపేస్తుంది, ఇక్కడ ఆ పని మీ షాట్లే చేయాలి. ఆ వడ్రంగి చిత్రిక పడుతుంటే చేతులు ఒక్కటే కాదు, ముఖం, చూపు ఎటు పోతోందో అది, కింద రాలే పొట్టు, దూరం నుంచి మొత్తం గది, ఇవన్నీ కావాలి. ఒక్కో షాట్ కనీసం పది సెకన్లు కదపకుండా పట్టుకోండి. ఆయన లేచి వెళ్తే వెంటపడకండి, ఫ్రేమ్ ఖాళీ అయ్యేదాకా ఆగండి, ఎడిటర్‌కి కట్ చేసే చోటు అక్కడే దొరుకుతుంది. ఇంకోటి, జవాబు అయిపోగానే రికార్డింగ్ ఆపేస్తున్నారా? నాకు ఆ న్యూస్ అలవాటు పోవడానికి రెండేళ్లు పట్టింది. మాట అయిపోయాక మనిషి ఊరికే కూర్చుని ఏదో తలుచుకునే ఆ కాసేపే చాలాసార్లు సినిమాలో మిగిలేది.

జవాబు 2:
నేను ఫిల్మ్ మీద పని నేర్చుకున్నవాణ్ని. 16 ఎంఎంలో 400 అడుగుల రోలు, సెకనుకు 24 ఫ్రేముల లెక్కన 11 నిమిషాలే వచ్చేది. అందుకని బటన్ నొక్కే ముందు చాలాసేపు ఊరికే చూసేవాళ్లం. ఇప్పుడు కార్డులో గంటలకొద్దీ పడుతుంది, కానీ ఆ చూడటం మానకండి. కెమెరా బయటికి తీయకుండా ఒక పూట ఆ వడ్రంగి దగ్గర కూర్చోండి. ఎడిటింగ్‌లో కూడా పక్కనే ఉండండి, మీ తప్పులు మీకే కనపడతాయి.

జవాబు 3:
ఇప్పుడే మానేయకండి. నేను చేతిలో రెండు సినిమాలు కూడా లేకుండా బయటికొచ్చి చాలా ఇబ్బంది పడ్డాను. జీతం వస్తుండగానే మూడు నాలుగు పూర్తి చేయండి, ఆ తర్వాత ఆలోచించవచ్చు. ఫ్రీలాన్స్‌కి వెళ్తే రోజుకి ఎన్ని గంటలు, కెమెరా అద్దె విడిగా ఇస్తారా, షోరీల్‌లో (మన పని చూపించుకునే చిన్న వీడియోలో) ఆ షాట్లు వాడుకోవచ్చా అన్నవి ముందే రాయించుకోండి. షూటింగ్ అయ్యాక ఫుటేజ్ రెండు కాపీలు తీసి, తెరిచి చూశాకే కార్డ్ ఫార్మాట్ చేయండి. గదిలో ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం ఆ గది శబ్దం, మాటల మధ్య ఖాళీల్లో వేసుకోవడానికి, రికార్డ్ చేసుకోవడం కూడా మర్చిపోవద్దు, ఎడిటర్ మీకు దండం పెడతాడు.

ప్రశ్న అడిగినవారు:
అందరికీ థాంక్స్. రాత్రి రషెస్ మళ్లీ చూశాను. ఆయన తన తండ్రి గురించి చెప్పి ఉలి చేతిలోకి తీసుకునే చోట, సరిగ్గా అక్కడే రికార్డింగ్ ఆపేశాను. సోమవారం మళ్లీ వెళ్తున్నా, మధ్యాహ్నం దాకా కెమెరా బ్యాగ్‌లోనే ఉంటుంది.