తాళం వేసిన ఇంటిని వదిలేసి పక్కింటికి వెళ్లవచ్చా?

ప్రశ్న (పర్లాకిమిడి నుంచి):
నమస్కారం. గజపతి జిల్లాలోని ఒక బ్లాకులో ఏడాది నిండి రెండేళ్లు నిండని పిల్లలకు టీకాలు పూర్తయ్యాయో లేదో తెలుసుకునేందుకు పీజీ పరిశోధన కోసం సర్వే చేస్తున్నాను. 384 మంది కావాలని లెక్క తేలింది. రోడ్డు పక్క వీధుల నుంచి మొదలుపెట్టి, తాళం ఉన్నచోట పక్కింటికి వెళ్తూ ఇప్పటికి 60 మందిని పూర్తి చేశాను. దీనిని యాదృచ్ఛిక నమూనా అని రాయవచ్చా?

జవాబు 1 (బరంపురం):
రాయకూడదండీ. బ్లాకులోని ప్రతి బిడ్డకూ ఎంపికయ్యే అవకాశం ఎంతో లెక్క కట్టగలిగినప్పుడే ఆ మాట వాడాలి. మీ పద్ధతిలో కొండమీది సవర గిరిజనుల గూడలోని బిడ్డకు ఆ అవకాశం సున్నా. 2011 జనగణన గ్రామాల జాబితా తీసుకుని, జనాభాను వరుసగా కూడుకుంటూ పోయి, సమాన అంతరంతో ఊళ్లను ఎంచుకోండి. చిన్న గూడలను పక్క ఊరితో కలిపి ఒకే క్లస్టర్‌గా, అంటే ఎంపికకు ఒకే గుంపుగా లెక్కించాలి. ఎంపికైన ప్రతి ఊళ్లోనూ ముందుగా ఇళ్లన్నింటినీ నమోదు చేయాలి.

ఇక 384 అనేది సాధారణ యాదృచ్ఛిక నమూనాకు సరిపోయే సంఖ్య. ఒకే ఊరి పిల్లలు ఒకరినొకరు పోలి ఉంటారు కనుక, ఆ పోలిక (అసలు లేకుంటే 0, అందరూ ఒకేలా ఉంటే 1 అనే కొలతలో) 0.05 అనుకుని ఊరికి 13 మందిని తీసుకుంటే నమూనా 1 + (13 − 1) × 0.05 = 1.6 రెట్లు, అంటే దాదాపు 615 కావాలి. దానికి 48 ఊళ్లు తిరగాలి. అంత ఓపిక లేదంటే ఊళ్లను తగ్గించకుండా ఊరికి తీసుకునే పిల్లల సంఖ్యనే తగ్గించుకోండి.

జవాబు 2 (గుణుపురం):
అసలు చిక్కు తాళాల దగ్గరే ఉంది. పగలు పోడుకు వెళ్లిన తల్లి ఇంట్లో దొరకదు, టీకా రోజున కేంద్రం దగ్గరా కనిపించదు. ఆ ఇంటిని వదిలేస్తే టీకా తప్పిన బిడ్డనే వదిలేసినట్లవుతుంది. జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలోనూ ఎంపికైన ఇంటికి బదులు మరో ఇంటిని తీసుకోనివ్వరు. చీకటి పడ్డాక ఒకసారి, మర్నాడు తెల్లవారుజామున ఒకసారి వెళ్లండి. అప్పటికీ దొరక్కపోతే 'స్పందన లేదు' అని రాసుకోండి.

టీకా సర్వేల పాత పద్ధతిలో, అంటే 30 క్లస్టర్లు, ఒక్కోదానిలో ఏడుగురు పిల్లల లెక్కన, నేనూ ఊరి నడుమ సీసా తిప్పి, అది చూపిన దిక్కున నడిచినవాడినే. ఊరి చివరి ఇళ్లు చేరేలోపే ఏడుగురూ పూర్తయ్యేవారు.

ప్రశ్న వేసినవారు:
మరి ఆ 60 మందిని ఏం చేయాలండీ?

జవాబు 1:
ప్రశ్నావళిని సరిదిద్దుకోవడానికి వాడుకోండి. అసలు లెక్కలో మాత్రం కలపకండి.