మరియన్ మోట్లీ: గజాల లెక్కకు అందని ఆట

ప్రశ్న:
ఇరవయ్యో శతాబ్దం నడిమి కాలపు అమెరికన్ ఫుట్‌బాల్ చరిత్ర చదువుతున్నాను. క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ జట్టులో ఫుల్‌బ్యాక్‌గా (బంతితో పరుగెత్తే, పాస్ విసిరేవారిని కాపాడే ఆటగాడిగా) ఆడిన మరియన్ మోట్లీని ఆ ఆట లోతు తెలిసినవారు, తరువాత అదే జట్టులో అదే స్థానంలో ఆడిన జిమ్ బ్రౌన్ సరసన నిలబెడుతున్నారు. కానీ బంతితో పరుగెత్తి మోట్లీ సాధించింది మొత్తం 4,720 గజాలు. జిమ్ బ్రౌన్ 12,312 గజాలు సాధించారు. ఇంత తేడా ఉండగా ఆ పోలిక ఎలా నిలుస్తుందో తెలిసినవారు వివరించగలరా?

జవాబు 1:
ముందుగా ఆయన వయసు చూడండి. 1920లో జార్జియా రాష్ట్రంలోని లీస్‌బర్గ్‌లో పుట్టి, ఒహాయోలోని కాంటన్‌లో పెరిగిన మోట్లీ, వృత్తి ఆటగాడిగా తొలిసారి మైదానంలో దిగేనాటికి ఆయనకు 26 ఏళ్లు. 1934 నుంచి 1945 వరకు ఎన్.ఎఫ్.ఎల్. (నేషనల్ ఫుట్‌బాల్ లీగ్) జట్లలో ఒక్క నల్లజాతి ఆటగాడు కూడా లేడు. రాసిపెట్టిన నిబంధన ఏదీ లేకపోయినా, నల్లజాతివారిని తీసుకోకూడదన్న కట్టుబాటును యజమానులందరూ పాటించారు. నెవాడా విశ్వవిద్యాలయంలో ఆడిన తరువాత, యుద్ధకాలంలో నౌకాదళంలో చేరిన మోట్లీ, గ్రేట్ లేక్స్ శిక్షణ కేంద్రం జట్టులో పాల్ బ్రౌన్ అనే కోచ్ కింద ఆడారు. 1945లో ఆ జట్టు నోటర్ డామ్ విశ్వవిద్యాలయం జట్టును 39-7 తేడాతో ఓడించింది. మరుసటి ఏడాది కొత్తగా మొదలైన ఆల్ అమెరికా ఫుట్‌బాల్ కాన్ఫరెన్స్ అనే లీగులో క్లీవ్‌లాండ్ జట్టును తీర్చిదిద్దిన పాల్ బ్రౌన్, బిల్ విల్లిస్‌నూ మోట్లీనీ జట్టులోకి తీసుకున్నారు. అదే ఏడాది లాస్ ఏంజెలెస్ రామ్స్ జట్టులో కెన్నీ వాషింగ్టన్, వుడీ స్ట్రోడ్ చేరారు. బేస్‌బాల్‌లో జాకీ రాబిన్సన్ ప్రవేశించింది ఆ తరువాతి సంవత్సరం, 1947లో. ఈ నలుగురి పేర్లు ఆయన పేరంతగా జనం నోట వినిపించకపోవడం నాకు ఎప్పుడూ బాధగానే ఉంటుంది.

ఆ తొలి ఏడాది మయామీలో జరిగిన మ్యాచ్‌కు, అక్కడి వర్ణవివక్ష కారణంగా, మోట్లీనీ విల్లిస్‌నూ వదిలి జట్టు వెళ్లవలసి వచ్చింది. మిగతా మైదానాల్లో కిందపడిన మోట్లీ చేతులను ప్రత్యర్థులు మేకుల బూట్లతో తొక్కేవారు.

జవాబు 2:
పై జవాబుకు ఆట వైపు నుంచి కొంత చేర్చాలి. మోట్లీ బంతితో పరుగెత్తింది 828 సార్లు మాత్రమే, అంటే ఒక్కో పరుగుకు సగటున 5.7 గజాలు, జిమ్ బ్రౌన్ సగటు 5.2. బ్రౌన్స్ జట్టు ప్రధానంగా క్వార్టర్‌బ్యాక్ ఆటో గ్రాహం విసిరే పాస్‌ల మీద నడిచింది. గ్రాహం బంతి పట్టుకుని వెనక్కి తగ్గగానే, దాదాపు 238 పౌండ్ల బరువున్న మోట్లీ ఆయన ముందు నిలబడి, లైను దాటి దూసుకొచ్చే రక్షకుడిని ఛాతీతో ఢీకొని ఆపేవారు. ఆ ఒకటి రెండు క్షణాల్లోనే గ్రాహం చేతిలోని బంతి మైదానం చివర పాస్ అందుకోవడానికి ఉన్న సహచరులు లావెల్లికో స్పీడీకో చేరేది. ఈ పనికి గజాల లెక్కలో చోటు లేదు. ప్రత్యర్థులు గ్రాహం మీదికే ఎగబడితే, ఆయన చివరి క్షణంలో బంతిని మోట్లీకి అందించేవారు. అప్పటికే ముందుకు వచ్చేసిన రక్షకుల వెనుక ఖాళీ మైదానం మిగిలేది. డ్రా ప్లే అనే ఎత్తుగడకు ఆ జట్టు ఆటలోనే పేరు వచ్చింది. పైగా, తొలి ఏళ్లలో ఆయన లైన్‌బ్యాకర్‌గా (ముందు వరుస వెనుక నిలిచే రక్షకుడిగా) రక్షణలోనూ ఆడారు.

1950లో బ్రౌన్స్ ఎన్.ఎఫ్.ఎల్.లోకి వచ్చినప్పుడు, పాత లీగు అయిన ఆల్ అమెరికా కాన్ఫరెన్స్‌లో వరుసగా నాలుగు సార్లు గెలిచిన ఆ జట్టు ఇక్కడ నిలవదని చాలామంది అన్నారు. మొదటి మ్యాచ్‌లోనే అప్పటి విజేత ఫిలడెల్ఫియాను 35-10తో ఓడించి, ఆ ఏడాది టైటిల్ కూడా గెలిచింది. 810 గజాలతో ఆ సీజనులో లీగు మొత్తానికి మోట్లీయే ముందున్నారు. పిట్స్‌బర్గ్‌తో ఆడిన ఒక మ్యాచ్‌లో కేవలం 11 సార్లు బంతితో పరుగెత్తి 188 గజాలు సాధించారు.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ ధన్యవాదాలు. మరి 4,720 గజాలలో పాత లీగువి ఎన్ని? ఆట మానిన తరువాత ఆయన కోచ్ అయ్యారా?

జవాబు 1:
3,024 గజాలు పాత లీగువే, ఎన్.ఎఫ్.ఎల్. చాలాకాలం వాటిని తన రికార్డుల్లో కలపలేదు. మోకాలి గాయంతో 1954 సీజను ఆడలేదు, 1955లో పిట్స్‌బర్గ్ తరఫున కొద్దికాలం ఆడి విరమించారు. తరువాత కోచ్ పని కోసం బ్రౌన్స్ సహా పలువురిని అడిగినా ఎవరూ ఇవ్వలేదు. జట్టు ఆటను అంత దగ్గరగా అర్థం చేసుకున్న మనిషికి ఒక్క అవకాశం ఇవ్వకపోవడాన్ని నేను అన్యాయంగానే చూస్తాను. 1968లో ప్రో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు దక్కింది. ఎమ్లెన్ టన్నెల్ తరువాత ఆ గౌరవం పొందిన రెండో నల్లజాతి ఆటగాడు ఆయనే. ఆయన 1999లో మరణించారు.

జవాబు 2:
పాత మ్యాచ్‌ల చిత్రాలు దొరికితే బంతిని కాక మోట్లీని గమనిస్తూ చూడండి. 1951 వరకు ఆయన చొక్కా మీద 76 ఉంటుంది. లీగు సంఖ్యల పద్ధతి మార్చాక 1952 నుంచి 36 ఉంటుంది. గ్రాహం పాస్ విసిరే ప్రతిసారీ ఆయన ఎటు కదిలారో, ఎవరిని ఆపారో చూస్తే మీ మొదటి ప్రశ్నకు జవాబు అక్కడే దొరుకుతుంది.