జర్మనీలో సెకండ్ హ్యాండ్ కారు: గోల్ఫా, ఆక్టేవియానా, లియోనా, ఏ3నా?

డ్రెస్డెన్ నుంచి (కొత్తగా వచ్చినవారు)

అందరికీ నమస్కారం. హైదరాబాద్ నుంచి వచ్చి రెండు నెలలు. ఇద్దరు చిన్నపిల్లలు, ఒక స్ట్రాలర్. 10,000 యూరోల లోపు 2013–2017 మధ్య బండి చూస్తున్నాం. ఫోక్స్‌వాగన్ గోల్ఫ్, స్కోడా ఆక్టేవియా, సియట్ లియోన్, ఆడి ఏ3 నాలుగూ లోపల ఒకటేనని ఒకరంటారు, ఆడి ఆడియేనని ఇంకొకరంటారు. ఏది నిజం? ఆటోమేటిక్ తీసుకోవచ్చా? ఒకదాని పార్టులు ఇంకొకదానికి పడతాయా? కాస్త వివరంగా చెప్పండి అన్నయ్యలూ, అక్కలూ.

ఇంగోల్‌స్టాట్ నుంచి

తమ్ముడూ, ఇద్దరూ చెప్పింది సగం సగం నిజం. మీరు చెప్పిన ఏళ్లలో ఫోక్స్‌వాగన్ గ్రూపుకే చెందిన ఆ నాలుగూ ఎంక్యూబీ అనే ఒకే ప్లాట్‌ఫామ్ మీద వచ్చాయి. 2012లో ఏ3తో, ఏడో తరం గోల్ఫ్ అంటే గోల్ఫ్ 7తో మొదలైంది. ప్లాట్‌ఫామ్ అంటే ఒకే అడుగుభాగం తెచ్చి పైన నాలుగు రకాల డొప్పలు తొడిగారని కాదు. ఇందులో మారనిది ముఖ్యంగా ఒక్క కొలత: ముందు ఇరుసు నుంచి పెడల్స్ దాకా ఉండే దూరం. పెట్రోలైనా డీజిలైనా ఇంజన్‌ను ఒకే చోట, 12 డిగ్రీలు వెనక్కి వాల్చి కూర్చోబెడతారు. దాంతో స్టీరింగ్, ముందు సస్పెన్షన్, గేరుబాక్సు, ఏసీ కంప్రెసర్ లాంటివి నాలుగు బండ్లకూ చాలావరకు ఉమ్మడి. పెడల్స్ వెనక ఉన్నదంతా ఎవరి కొలతలు వాళ్లవి. గోల్ఫ్ 7 చక్రాల మధ్య దూరం 2637 మిల్లీమీటర్లు, ఆక్టేవియాది 2686. డిక్కీ గోల్ఫ్‌లో 380 లీటర్లు, ఆక్టేవియా హ్యాచ్‌బ్యాక్‌లో 590, కాంబిలో (వెనక పొడవుగా ఉండే ఎస్టేట్ రకం) 610. స్ట్రాలర్ మడవకుండా పెట్టాలంటే ఈ తేడాయే మీకు అన్నిటికన్నా ముఖ్యం.

ఆడికి ఎక్కువ పెట్టే డబ్బు లోపలి ప్లాస్టిక్, సీట్లు, శబ్దం రాకుండా వేసే పొరలు, ఆ పేరు. ఇంజన్‌కు మాత్రం కాదు. స్కోడా ఖర్చు తగ్గించుకున్న చోట్లు కూడా ఉన్నాయి. 150 హార్స్‌పవర్ గోల్ఫ్ 7కు వెనక మల్టీలింక్ (ఒక్కో చక్రం విడిగా కదిలే) సస్పెన్షన్ ఉంటే, అదే ఇంజన్ ఉన్న మామూలు ఆక్టేవియాకు టార్షన్ బీమ్ (రెండు వెనక చక్రాలనూ కలిపే ఒకే దూలం) వేశారు. గతుకుల్లో కొంచెం తేడా తెలుస్తుంది. అయితే బీమ్‌లో బుష్‌లు (రబ్బరు జాయింట్లు) తక్కువ, పాతబడ్డాక రిపేరు ఖర్చూ తక్కువే. పిల్లలతో తిరిగే ఇంటికి నేను ఆక్టేవియానే చెబుతాను.

మన దగ్గర చూసిన లెక్కే ఇది. పుణె దగ్గర చాకన్‌లో తయారయ్యే కుషాక్, టైగూన్, స్లావియా, వర్టస్ నాలుగూ ఎంక్యూబీ ఏ0 ఇన్ అనే ఒకే పునాది మీద, అవే 1.0, 1.5 టీఎస్‌ఐ (టర్బో పెట్రోల్) ఇంజన్లతో వచ్చాయి.

బ్యాడ్జి కన్నా ముందు చూడాల్సింది ఇంజన్ ఏ తరానిదన్నది. పాత 1.2, 1.4 టీఎస్‌ఐలు ఈఏ111 కుటుంబం. వాటిలో వాల్వులను పిస్టన్లతో కలిపి సరైన సమయానికి నడిపే టైమింగ్ చెయిన్ సాగిపోతుంది. రాత్రంతా ఆగిన బండి పొద్దున స్టార్ట్ చేయగానే రెండు మూడు సెకన్లు గలగలమంటే అదే. చెయిన్ పన్ను దాటితే వాల్వులు పిస్టన్‌కు తగిలి ఇంజనే పోతుంది. ఎంక్యూబీతో వచ్చినవి ఈఏ211 కుటుంబం, వీటికి చెయిన్ లేదు, టైమింగ్ బెల్టు ఉంటుంది. ఇవి ఎంతో నయం.

మోసపోయేది ఎక్కడంటే, 2013లో రిజిస్టరైన బండ్లన్నీ కొత్త ఇంజన్‌వి కావు. ఆక్టేవియా రెండో తరం, గోల్ఫ్ ప్లస్ అప్పటికింకా అమ్ముడవుతున్నాయి. ప్రకటనలో రెండూ “1.2 టీఎస్‌ఐ, 2013” అనే కనిపిస్తాయి. ఇంజన్ మీది భాగాల నంబర్లు 03ఎఫ్, 03సీ తో మొదలైతే పాతది, 04ఈ తో మొదలైతే కొత్తది.

ఈఏ211కూ ఒక బలహీనత ఉంది. వాటర్ పంపు, థర్మోస్టాట్ కలిసిన ప్లాస్టిక్ భాగం గేరుబాక్సు వైపు ఉంటుంది, ఎగ్జాస్ట్ క్యామ్‌షాఫ్ట్ నుంచి చిన్న పళ్ల బెల్టుతో తిరుగుతుంది. దాని సీలు దగ్గర కూలెంట్ కారుతుంది. ఇంజన్ చల్లగా ఉన్నప్పుడు ట్యాంకులో మట్టం కనిష్ఠ గీత కిందకు పోయిందా, ఆ మూల గులాబీ రంగు పొడి గట్టిపడి ఉందా టార్చి వేసి చూడండి. ఉంటే పంపు, ఆ చిన్న బెల్టు కలిపి మార్చే ఖర్చు ధరలో తగ్గించమనండి. ఈ జబ్బు గోల్ఫ్‌లో ఎంతో ఏ3లోనూ అంతే.

హానోవర్ నుంచి

ఆటోమేటిక్ సంగతి నేను చెబుతాను. “డీఎస్‌జీ”, అంటే ఫోక్స్‌వాగన్ వాళ్ల రెండు క్లచ్‌ల ఆటోమేటిక్, ఒక్క గేరుబాక్సు కాదు. 1.2, 1.4 టీఎస్‌ఐలకు వచ్చే 7 గేర్లది డీక్యూ200. డ్రై క్లచ్ (నూనెలో తడవనిది), 250 న్యూటన్ మీటర్ల టార్క్ దాకా పరిమితి. 150 హార్స్‌పవర్ 2.0 డీజిల్‌కు వచ్చే 6 గేర్లది డీక్యూ250, క్లచ్‌లు నూనెలో తడుస్తుంటాయి. తర్వాత దాని చోట వచ్చిన డీక్యూ381 కూడా తడి క్లచ్‌దే, కానీ 7 గేర్లు. అందుకే గేర్ల సంఖ్య చూసి తేల్చకండి, గేరుబాక్సు నంబరు చూడండి. ఎంక్యూబీలో డీక్యూ200 అయితే 0సీడబ్ల్యూ, అంతకుముందు బండ్లలో 0ఏఎం. డీక్యూ250 నంబర్లు 02ఈ, 0డీ9.

డీక్యూ200లో పోయేవి రెండు. ఒకటి క్లచ్ ప్లేట్లు, అంగుళం అంగుళం పాకే ట్రాఫిక్‌లో వేడెక్కి అరుగుతాయి. రెండోది మెకట్రానిక్స్, అంటే గేర్లు, క్లచ్‌లు నడిపే కంప్యూటరూ హైడ్రాలిక్సూ కలిసిన భాగం. అందులో హైడ్రాలిక్ ఒత్తిడిని నిలవ ఉంచే డబ్బా బిగించే చోట పగులు వస్తుంది, నూనె కారిపోతుంది, గేర్లు మాయమవుతాయి. 2013లో సింథటిక్ నూనె తీసి మినరల్ నూనె పోయడానికి లోకమంతా రీకాల్ చేశారు, 16 లక్షల బండ్లు. రీకాల్ ఏళ్ల బండి అయితే ఆ పని జరిగిందని కాగితం అడగండి.

టెస్ట్ డ్రైవ్ కనీసం 20 నిమిషాలు, ఊళ్లోనే. ఆటో హోల్డ్ (ఆగినప్పుడు బ్రేకు పట్టి ఉంచేది) ఆపేయండి. చదును నేల మీద బ్రేకు వదిలి, యాక్సిలరేటర్ తొక్కకుండా పాకనివ్వండి. వణికితే క్లచ్ అరిగింది. మూడులోంచి రెండుకు, రెండులోంచి ఒకటికి దిగేటప్పుడు కుదుపు, రివర్స్ వేశాక ఆలస్యం, తెర మీద గేరు అక్షరం మిణుకుమిణుకుమనడం, ఈ మూడింటిలో ఏదున్నా వదిలేయండి. డీక్యూ250 అయితే ప్రతి 60,000 కిలోమీటర్లకు నూనె, ఫిల్టరు మార్చిన బిల్లు ఉండాలి. బిల్లు లేని బండి వద్దు.

మీ బడ్జెట్లో పెట్రోల్ మాన్యువల్ తీసుకోండి. ఇది నా ఖచ్చితమైన సలహా.

కాసెల్ నుంచి

పార్టుల మాట ఎవరూ ముట్టుకోలేదు. ఫోక్స్‌వాగన్ గ్రూపులో పార్టు నంబరు చదవడం వస్తే డబ్బు చాలా మిగులుతుంది.

నంబరు మూడేసి అంకెల చొప్పున మూడు గుంపులు, చివర ఒకటో రెండో అక్షరాలు. మొదటి గుంపు ఆ పార్టు ముందు ఏ బండి కోసం తయారైందో చెబుతుంది: 5జీ0 గోల్ఫ్ 7, 5ఈ0 ఆక్టేవియా, 5ఎఫ్0 లియోన్, 8వీ0 ఏ3. మనకు కావలసింది 5క్యూ0, అది ఎంక్యూబీ ఉమ్మడి పార్టు. ఇంజన్ పార్టులకు బండి పేరుండదు, ఇంజన్ పేరే: 04ఈ అంటే ఈఏ211. రెండో గుంపు మొదటి అంకె బండిలో చోటు: 1 ఇంజన్, 3 గేరుబాక్సు, 4 ముందు ఇరుసు, 5 వెనక ఇరుసు, 6 చక్రాలు బ్రేకులు, 8 బాడీ, 9 కరెంటు. జతగా వచ్చే వాటిలో చివరి అంకె బేసి అయితే ఎడమ, సరి అయితే కుడి.

ఉదాహరణకు 04ఈ 115 561 అంటే ఈఏ211 ఆయిల్ ఫిల్టరు, బానెట్ మీద ఏ బొమ్మ ఉన్నా అదే. క్యాబిన్ ఫిల్టరు 5క్యూ0 819 653 కూడా అంతే. ఆన్‌లైన్లో వెతికేటప్పుడు బండి పేరు కొట్టకుండా ఈ తొమ్మిది అంకెలూ కొట్టండి. మాన్, మాలె, బాష్ లాంటి పార్టుల కంపెనీల సమాన నంబర్లూ దానితోనే దొరుకుతాయి.

చివరి అక్షరం మాత్రం చిన్నచూపు చూడకండి. ఒక్కోసారి అది సవరించిన రకమని చెబుతుంది, అప్పుడు కొత్త అక్షరం పాతదానికి పనికొస్తుంది. ఒక్కోసారి వేరే కొలత. ముందు బ్రేకు డిస్కు 5క్యూ0 615 301 చూడండి, ఆ తొమ్మిది అంకెల వెనక అక్షరాన్ని బట్టి వ్యాసమే మారిపోతుంది. గోల్ఫ్ 7లో ముందు డిస్కులు 276×24, 288×25, 312×25, 340×30 మిల్లీమీటర్లవి వచ్చాయి. తప్పు డిస్కు కొంటే చక్రం విప్పాకే తెలుస్తుంది, అప్పటికి శనివారం సాయంత్రం అవుతుంది, ఆదివారం ఇక్కడ దుకాణాలుండవు. డిక్కీలో స్టెప్నీ గుంటలోనో సర్వీసు పుస్తకం మొదటి పేజీలోనో ఒక తెల్ల స్టిక్కరు ఉంటుంది. ఇంజన్ కోడ్, గేరుబాక్సు కోడ్, రంగు, మూడక్షరాల పీఆర్ కోడ్‌లు (బండికి ఏయే పరికరాలు వేశారో చెప్పేవి) అందులోనే. ముందు బ్రేకు కోడ్ 1జెడ్ లేదా 1ఎల్ తో, వెనకది 1కే తో మొదలవుతుంది. ఆర్డరు పెట్టేముందు ఆ కోడ్‌తో సరిచూసుకోండి.

తుక్కు యార్డులో ఏవి తెచ్చుకోవచ్చంటే, ఆల్టర్నేటర్, ఏసీ కంప్రెసర్, ఇగ్నిషన్ కాయిల్, స్విచ్చుల లాంటివి, నంబరు కలిస్తే. స్క్రీను, మీటరు, ఏసీ కంట్రోల్ యూనిట్ వద్దు. అవి ఛాసిస్ నంబరుతో ముడిపడి ఉంటాయి. ఇంకో బండిలో పెడితే కాంపొనెంట్ ప్రొటెక్షన్ అనే సాఫ్ట్‌వేర్ తాళం అడ్డు వస్తుంది, ఆ తాళం తీయాలంటే బండిని కంపెనీ సర్వరుకు కలపాలి. తుక్కులో 80 యూరోలకు దొరికిందని సంబరపడితే ఆ పని చేసేవాళ్ల కోసం తిరగాల్సొస్తుంది.

డ్రెస్డెన్ నుంచి

చాలా థాంక్స్ అన్నా. మా పక్కింటి వాళ్లు గోల్ఫ్ 7 చలికాలపు చక్రాలు నాలుగు ఇస్తామంటున్నారు. ఆక్టేవియా కొంటే వేసుకోవచ్చా?

కాసెల్ నుంచి

బిగించడానికి పడతాయి. రెండింటికీ 5 బోల్టులు, బోల్టుల వలయం వ్యాసం 112 మిల్లీమీటర్లు, మధ్య రంధ్రం 57.1. బోల్టు రిమ్‌కు ఆనే చోటు కూడా రెండింటిలో గుండ్రమే. టైరు 205/55 ఆర్16 ఇద్దరిదీ అదే అయ్యుండొచ్చు. కానీ పడటం వేరు, చట్టం ఒప్పుకోవడం వేరు. ఫోక్స్‌వాగన్ రిమ్‌కు అనుమతి ఫోక్స్‌వాగన్‌కే, మీ స్కోడా కాగితాల్లో అది ఉండదు. బండ్లను తనిఖీ చేసే టూఫ్‌కో డెక్రాకో ముందు ఫోన్ చేసి, రిమ్ లోపలి వైపు ఉన్న నంబరు, వెడల్పు, ఆఫ్‌సెట్ చెప్పండి. వాళ్లు చూసి పత్రంలో ఎక్కిస్తే సరే. ఎక్కించకుండా నడిపితే ప్రమాదం జరిగినప్పుడు ఇన్సూరెన్స్ వాళ్లతో గొడవ.

టైరు మీద కొండ, మంచు పువ్వు గుర్తు ఉండాలి. 2024 అక్టోబర్ 1 నుంచి ఎం+ఎస్ (బురద, మంచు) అని మాత్రమే ఉన్నవి చలికాలపు టైర్లుగా చెల్లవు. అంచున చివరి నాలుగంకెలు తయారైన వారం, ఏడాది. బోల్టులు 120 న్యూటన్ మీటర్లకు బిగించి, 50 కిలోమీటర్లు తిరిగాక మళ్లీ చూసుకోండి.

పోలోలూ, ఫాబియాలూ చూస్తున్నవాళ్లకు ఒక మాట: వాటి వలయం 100 మిల్లీమీటర్లు, ఈ చక్రాలు ఎక్కవు.

డ్యూసెల్‌డోర్ఫ్ నుంచి

ఇన్సూరెన్స్ ఎవరూ చెప్పలేదు. ఇక్కడి ఆర్సీలో 2.1 గడిలో నాలుగంకెల తయారీదారు నంబరు: ఫోక్స్‌వాగన్ 0603, ఆడి 0588, స్కోడా 8004, సియట్ 7593. 2.2 గడిలో మొదటి మూడు అక్షరాలూ మోడల్ నంబరు. మీ ప్రీమియంలో ఒక పెద్ద భాగం ఈ రెండిటి మీదే. అదే ఇంజన్ ఉన్నా నాలుగు బండ్లకూ తరగతులు వేరు, ఆ మోడల్ ఎంత నష్టం తెచ్చిందో చూసి వేస్తారు. కొనక ముందే ఈ నంబర్లతో కోట్ తీసుకోండి. మీరు ఇక్కడ కొత్త కాబట్టి నో క్లెయిమ్ ఏళ్లు ఉండవు. ప్రీమియం ఎలాగూ ఎక్కువే, తరగతి తేడా ఇంకా గట్టిగా తగులుతుంది.

డీజిల్ చూస్తే యూరో 6 (పొగ ప్రమాణం) అని 14వ గడిలో చూసుకోండి. కొత్త రిజిస్ట్రేషన్లకు యూరో 6 తప్పనిసరి అయ్యింది 2015 సెప్టెంబర్‌లో. 2014 బండి యూరో 5 కావచ్చు.

లైప్‌జిగ్ నుంచి

వేరే కార్ల కంపెనీల గ్రూపుల్లోనూ ఇదే పద్ధతి. 2019 తర్వాతి ఒపెల్ కోర్సా, పెజో 208 ఒకే పునాది బండ్లు. అందులో 1.2 ప్యూర్‌టెక్ ఇంజన్ టైమింగ్ బెల్టు నూనెలో తడుస్తూ తిరుగుతుంది, పొట్టు రాలి నూనె జల్లెడ మూసుకుపోతుంది. సిట్రోయెన్ అయినా అదే జబ్బు. ఈ మూడు పేర్లూ ఉన్న స్టెల్లాంటిస్ గ్రూపు 2024లో వీటికి 10 ఏళ్లు లేదా 1,75,000 కిలోమీటర్ల దాకా కవరేజి పెంచింది, సర్వీసు కాగితాలు సరిగ్గా ఉంటేనే.

డ్రెస్డెన్ నుంచి

2015 ఆక్టేవియా కాంబి, 1.4 టీఎస్‌ఐ, 150 హార్స్‌పవర్, మాన్యువల్, 1,18,000 కిలోమీటర్లు. శనివారం చూడటానికి వెళ్తున్నాం. అమ్మేవాళ్లను ముందే ఏమడగాలి?

ఇంగోల్‌స్టాట్ నుంచి

స్టెప్నీ గుంటలోని స్టిక్కరు ఫోటో, ఆర్సీ మొదటి పేజీ ఫోటో, చివరి రెండు సర్వీసుల బిల్లులు. బిల్లులో నూనెకు ఫోక్స్‌వాగన్ ప్రమాణం 504 00 అని ఉందా చూడండి, ఈ ఇంజన్‌కు దాదాపు 4 లీటర్లు పడుతుంది. వాటర్ పంపు ఎప్పుడైనా మార్చారా అని నేరుగా అడగండి. మీరు వెళ్లేదాకా ఇంజన్ స్టార్ట్ చేయవద్దని చెప్పండి. వెళ్లగానే బానెట్ మీద చెయ్యి పెట్టండి, వేడిగా ఉంటే చల్లారేదాకా ఆగి అప్పుడు స్టార్ట్ చేయించండి. స్టిక్కరు ఫోటో రాగానే ఇక్కడ పెట్టండి, కోడ్‌లు చదివి చెబుతాం.