మనిషి పోయాక జ్ఞాపకం ఎవరిది? ఒక కర్నూలు నవల మీద చర్చ

హంద్రీ ఒడ్డు:
నేను రాస్తున్న నవల కర్నూలులో జరుగుతుంది. 1981లో శ్రీశైలం జలాశయం కింద మునిగిన ఊరి నుంచి వచ్చిన ఒకావిడ ఇక్కడి పాతబస్తీలో కన్నుమూస్తుంది. ఆమె జ్ఞాపకాలు మాత్రం పోవు. ఏళ్ల తరబడి ఎవరికీ చెందకుండా తిరిగి, 2009 అక్టోబర్ 2 రాత్రి, తుంగభద్ర నీళ్లు ఊరిని ముంచినప్పుడు, మిద్దె ఎక్కి కూర్చున్న పదేళ్ల పిల్లవాడిని చేరతాయి. ఇద్దరికీ చుట్టరికం లేదు. చదివిన మిత్రుల్లో కొందరు బాగుందన్నారు. కొందరు మాత్రం సొంతదారు లేని జ్ఞాపకం ఉండదు, ఇది పాఠకుణ్ని మోసం చేయడమే అన్నారు. మీరేమంటారు?

నందికొట్కూరు:
నాకు సమ్మతం కాదన్నా. మాది ముంపు కుటుంబం. జనాన్ని ఖాళీ చేయించి ఇళ్లు కూల్చిన రోజులవి. నిర్వాసితులకు ఉద్యోగాలిచ్చే జీవో 98 కోసం మా చిన్నాయన కాగితాల కట్ట చంకన పెట్టుకుని తిరిగిన మనిషి. ఏ ఊరు, ఎవరి ఇల్లు, ఎంత భూమి పోయిందో అన్నీ రుజువు చేసుకోవాలి. ఇల్లూ పొలమూ పోయాక మాకు మిగిలింది జ్ఞాపకమొక్కటే. దాన్ని కూడా ఎవరిదీ కాదని గాలికి వదిలేస్తే, రేపు ముంపు అనేదే ఒక అందమైన కల్పన అయిపోతుంది. ఆమె పిల్లలు ఉన్నారా నీ నవలలో? ఉంటే వాళ్లను దాటి పక్కింటి పిల్లవాడి దగ్గరికి ఎందుకు పోవాలి?

బళ్లారి చౌరస్తా:
ఎండాకాలంలో నీళ్లు తగ్గి సంగమేశ్వరం గుడి బయటపడినప్పుడు వెళ్లి చూడండి. మునిగిన తర్వాత పుట్టిన కుర్రాళ్లు కూడా ఆ ఊళ్ల గురించి కళ్లారా చూసినట్టే చెబుతారు. వాళ్లను దొంగలంటామా?

సీమ పాఠకురాలు:
నందికొట్కూరు గారి బాధ న్యాయమైనది. అయినా జ్ఞాపకం చేతులు మారడం కల్పన కాదు, మన ఇళ్లలో రోజూ జరిగేదే. మా అవ్వ 1930ల్లో పుట్టింది. ధాత కరువు వచ్చింది 1876లో. అయినా బలుసాకు ఉడుకుతుంటే వచ్చే పసరు వాసన, కుండ చుట్టూ పిల్లలు కూర్చున్న తీరు, ఎవరికి ముందు పెట్టారో కూడా, తానే ఆ పొయ్యి దగ్గర ఉన్నట్టు చెప్పేది. ఆ పొయ్యి ఎవరిదో, ఆ పిల్లలెవరో అడిగితే ఆమెకు తెలియదు. ఎక్కడ విన్నామన్నది ముందు చెరిగిపోతుంది, విన్నది మాత్రం నిలబడుతుంది.

మనస్తత్వ శాస్త్రంలోనూ దీనికి ఆధారం ఉంది. ఎలిజబెత్ లాఫ్టస్ 1995లో ప్రచురించిన ప్రయోగంలో, చిన్నప్పుడు షాపింగ్ మాల్‌లో తప్పిపోయారంటూ 24 మందికి జరగని సంగతి ఒకటి ఇంటివాళ్లు చెప్పినట్టుగా ఇచ్చారు. దాదాపు పావు వంతు మంది అది తమకు పూర్తిగానో కొంతగానో గుర్తుందన్నారు. వాళ్లు అబద్ధాలకోర్లు కారు. నిజంగానే గుర్తుందనుకున్నారు.

కాబట్టి పిల్లవాడికి ఆ జ్ఞాపకం చేరడం మీద నాకు అభ్యంతరం లేదు. అది నలగకుండా చేరడం మీదే ఉంది. హంద్రీ ఒడ్డు గారూ, ఆ రెండు నీళ్లూ ఒకటి కావు. జలాశయం నీరు చెప్పి వచ్చింది. వాకిళ్లు ఊడదీసుకోవడానికి, దూలాలు బండికెత్తుకోవడానికి కొందరికైనా వ్యవధి దొరికింది. 2009లో అలా కాదు. శ్రీశైలానికి 25 లక్షల క్యూసెక్కులకు పైగా వరద వచ్చి పడిన రోజులవి. కర్నూలులో కట్టుబట్టలతో మిద్దెలెక్కినవాళ్లే ఎక్కువ. మరి ఆమె జ్ఞాపకం వాడిలోకి వస్తే, ఆ నిదానం కూడా రావాలి కదా! నీళ్లు గడప దాటుతున్నా, అమ్మ పైకి రమ్మని అరుస్తున్నా, వాడు మెట్లు దిగి వాకిలి బందులు ఊడదీయబోవాలి. ఇంకా టైం ఉందని వాడికి గట్టి నమ్మకం. ఆ నమ్మకం వాడిది కాదు, దానివల్ల ప్రాణం పోయేలా ఉంది. అప్పుడు ఆ జ్ఞాపకానికి ఒక మనిషి ఉండేదని పాఠకుడికి ఎవరూ చెప్పనక్కర్లేదు. ఇప్పుడు మీరు చెప్పినదాన్ని బట్టి వాడు మిద్దె మీద కూర్చుని బొమ్మలు చూస్తున్నాడు, అంతే.

నందికొట్కూరు:
వాకిలి సంగతి చదివితే ఒళ్లు జలదరించింది. మా ఇంటికి ఇప్పుడున్న తలుపులు మునిగిన ఊరివే. ఇలా రాస్తే నేను చదువుతాను. కానీ ఒక్క షరతు. ఆమెకు పేరుండాలి, ఊరికి పేరుండాలి. "ఒకావిడ", "ఒక ఊరు" అంటే మాత్రం ఒప్పుకోను.

హంద్రీ ఒడ్డు:
రెండు పేర్లూ పెడతాను. ఆమె కొడుకును కూడా తెస్తాను. వరద తగ్గాక ఆ పిల్లవాడి దగ్గరికి వచ్చి, మా అమ్మ సంగతులు నీకెలా తెలుసని నిలదీస్తాడు. వాడు చెప్పినదాంట్లో తప్పులు పట్టుకుంటాడు, తనకు తెలియనివీ కొన్ని వింటాడు. ముంపు ఊళ్లవాళ్లు ఇంకెవరైనా ఇక్కడ ఉంటే, ఖాళీ చేసిన రోజు ఇంట్లోంచి ముందుగా ఏం బయటికి తెచ్చారో రాయండి. ఆ అధ్యాయానికి కావాలి.