అమ్మ కళ్లజోడులో నా అద్దాలు వేయించుకోవడం తప్పా?

మిణుగురు: అమ్మ పోయిన ఏడాదికి ఆమె కళ్లజోడు ఫ్రేములో నా చూపుకు తగిన అద్దాలు వేయించుకుని రోజూ పెట్టుకుంటున్నాను. ఎడమ కాడ వదులైతే ఆమె చుట్టుకున్న నల్లదారాన్ని అలాగే ఉంచాను. అయినా అమ్మ గుర్తును పాడుచేశానని మా అన్నయ్య నాతో మాట్లాడటం మానేశాడు. వస్తువుకున్న అర్థం వాడితే పోతుందా, దాస్తే పోతుందా?

తూకంరాయి: మీ అన్నగారి మాటే సరైనది. ఆమె లోకాన్ని చూసింది ఆ అద్దాల్లోంచి. పసిబిడ్డ వదలని దుప్పటి ముక్క మురికిపట్టినా తల్లి ఉతకదని, ఉతికితే బిడ్డ అనుభవంలోని కొనసాగింపు తెగుతుందని ఆమెకు తెలుసునని మనోవిశ్లేషకుడు విన్నికాట్ 1953లో అచ్చయిన వ్యాసంలో రాశారు. మీరు ఉతకడంతో ఆగలేదు, గుడ్డనే మార్చేశారు.

వానచినుకు: ఇంతకీ పాత అద్దాలు ఏమయ్యాయి?

మిణుగురు: పెట్టెలో భద్రంగా ఉన్నాయి. తూకంరాయి గారూ, ఆ వస్తువు మారకూడదు, మారిస్తే బిడ్డే మార్చాలి అని కూడా అదే వ్యాసంలో ఉంది. ఆ సగాన్ని మీరు వదిలేశారు.

తూకంరాయి: బిడ్డ ఒక్కరే అయినప్పుడు ఆ మాట చెల్లుతుంది. మా నాన్నగారి చేతికర్రను మా తమ్ముడు ఎవరినీ అడగకుండా రెండంగుళాలు కోయించుకుని వాడుకుంటున్నాడు. నాన్న అరచేతికి అరిగి నునుపెక్కిన పిడి అలాగే ఉంది కానీ, గది బయటి నుంచే ఆయన వస్తున్నారని తెలిపిన ఆ చప్పుడు ఇప్పుడు లేదు.

పాతబావి: మీరు ఇంతసేపూ వాదిస్తున్నది మీ తమ్ముడితో అన్నమాట.

లెక్కలపుస్తకం: ఇద్దరూ అనవసరంగా బాధపడుతున్నారు. 1990లో మనస్తత్వ శాస్త్రవేత్త కానెమన్ బృందం ప్రచురించిన ప్రయోగాల్లో, అప్పుడే చేతికిచ్చిన మామూలు కప్పును అమ్మమంటే, కొనేవారు ఇస్తామన్నదానికి సుమారు రెట్టింపు అడిగారు. మమకారం సొంతమన్న భావం నుంచి పుడుతుంది, అమ్మానాన్నల ప్రస్తావన దానికి అక్కర్లేదు.

మిణుగురు: కప్పుకూ దీనికీ పోలికా? ఆపరేషన్ తర్వాత అమ్మ కంట్లో పూటపూటా చుక్కలు వేసింది నేను. అన్నయ్య ఫోనులో పలకరించేవాడు, అంతే. ఈ కళ్లజోడు ఆయనకు గుర్తొచ్చిందే నా ముఖం మీద చూశాక.

తూకంరాయి: సేవ చేసినవారికే గుర్తు దక్కాలని మీరంటున్నారు. దూరంగా ఉన్నవారికి మిగిలేవి ఆ వస్తువులే కదా? అద్దాలు మార్చేముందు ఆయనను ఒక్కమాట అడిగారా?

మిణుగురు: అడగలేదు. అడిగితే వద్దంటాడని తెలుసు.

తూకంరాయి: మా తమ్ముడూ సరిగ్గా ఇదే జవాబు చెప్పాడు.