జీవవృక్షమా, జీవగ్రంథమా? చివరి ఆకు లేని పుస్తకం

పోయిన వారం ఇక్కడ ఒకరు అడిగిన ప్రశ్నకు జవాబు కొంచెం పెద్దదయింది, అందుకే విడిగా రాస్తున్నాను. బైబిలులో చివరి పుస్తకమైన ప్రకటన గ్రంథం 22వ అధ్యాయం 19వ వచనం మన పాత తెలుగు బైబిలులో ఇలా ముగుస్తుంది: "జీవవృక్షములోను పరిశుద్ధపట్టణములోను వానికి పాలులేకుండ చేయును." 1611 నాటి ఇంగ్లీషు కింగ్ జేమ్స్ బైబిలులో మాత్రం అక్కడ చెట్టు లేదు, జీవగ్రంథం ఉంది. తెలుగు అనువాదకులు పొరపడ్డారా అన్నది ప్రశ్న.

పొరపడలేదండీ. గ్రీకు ప్రతుల్లో ఉన్నది చెట్టే. అక్కడికి పుస్తకం ఎలా వచ్చిందో చెప్పాలంటే 12వ శతాబ్దపు గ్రీకు చేతిరాత ప్రతి ఒకదాని దగ్గరికి వెళ్లాలి. పండితులు దానికి 2814 అని సంఖ్య ఇచ్చారు. అందులో ఉన్నది ప్రకటన గ్రంథం ఒక్కటే, దానితోపాటు కైసరయకు చెందిన అంద్రెయ రాసిన వ్యాఖ్యానం. మూలమూ వ్యాఖ్యానమూ కలిసిపోయి ఉండడంతో ఎక్కడిదాకా మూలమో విడదీయడం కష్టమయ్యే ప్రతి అది.

స్విట్జర్లాండులోని బాసెల్‌లో డచ్ పండితుడు ఎరాస్మస్ గ్రీకు కొత్త నిబంధనను అచ్చు వేయించే పనిలో ఉన్నాడు. ముద్రాపకుడు యోహాన్ ఫ్రోబెన్. ప్రకటన గ్రంథానికి ఎరాస్మస్ చేతికి అందిన గ్రీకు ప్రతి ఇదొక్కటే, అదీ హీబ్రూ పండితుడు రాయిఖ్లిన్ దగ్గర అరువు తెచ్చుకున్నది. దానికి చివరి ఆకు లేదు. 22వ అధ్యాయం 16వ వచనం మధ్యలోనే ఆగిపోయింది. 1516లో పుస్తకం బయటికి రావాలి. అప్పుడు ఆయన లాటిన్ బైబిలు ముందు పెట్టుకుని, ఆ మిగిలిన వచనాలను తానే గ్రీకులోకి తిప్పి రాశాడు. అలా చేశానని తన వివరణల్లో ఒప్పుకున్నాడు కూడా. నాకు ఆయన మీద గౌరవం పెరిగింది ఆ ఒప్పుకోలు వల్లే.

అసలు చిక్కు ఆ లాటిన్‌లో ఉంది. మొదటి లాటిన్ పాఠం "దే లిగ్నో వీతే", అంటే జీవవృక్షం నుంచి. ప్రతులు రాసేవాళ్ల చేతుల్లో అది "దే లిబ్రో వీతే", జీవగ్రంథం నుంచి, అయింది. లిగ్నో, లిబ్రో: మధ్యలో రెండక్షరాల తేడా. పైగా అదే వచనంలో ముందొకసారి, వెనకొకసారి "ఈ గ్రంథము" అన్న మాట వస్తుంది. 20వ అధ్యాయంలో జీవగ్రంథం అప్పటికే వచ్చి ఉంది. రాసేవాడి చెయ్యి జారడానికి ఇంతకన్నా ఏం కావాలి? ఎరాస్మస్ చూసిన లాటిన్‌లో లిబ్రో ఉంది, కాబట్టి ఆయన గ్రీకులో "బిబ్లోస్" అని రాశాడు (బైబిలు అన్న మాట పుట్టిన కుదురు అదే). ఆ పాఠం అచ్చు మీద అచ్చుగా సాగి కింగ్ జేమ్స్ దాకా చేరింది.

ఇక్కడ భాషాభిమానులుగా మనం ఆగి చూడాల్సిన విషయం ఒకటుంది. లాటిన్‌లో చెట్టుకు మామూలు మాట "ఆర్బోర్". ఆ మాట వాడి ఉంటే ఈ తప్పు దొర్లేదే కాదు. ఎవరూ ఆర్బోరేను లిబ్రో అని చదవరు. మరి లిగ్నుమ్, అంటే కొయ్య, ఎందుకు వాడారు? గ్రీకులో ఉన్న మాట "క్సులోన్" కాబట్టి. దానికి మొదటి అర్థం కొయ్య, కలప. జైలోఫోన్ అనే కొయ్యపలకల వాద్యం పేరులో ఉన్నది అదే. గ్రీకులో పచ్చని చెట్టుకు "దెంద్రోన్" అని వేరే మాట ఉంది. కానీ ఆదికాండపు పాత గ్రీకు అనువాదం ఏదెను తోటలోని చెట్టుకు క్సులోన్ అనే వాడింది, ప్రకటన గ్రంథం ఆ మాటనే పట్టుకుంది. లాటిన్ అనువాదకుడు నమ్మకంగా కొయ్యకు కొయ్య అని పెట్టాడు. ఆ నమ్మకమే తర్వాతి పొరపాటుకు దారి ఇచ్చింది.

మన తెలుగు బైబిలు ఈ ఒక్క మాటకు ఎన్ని మాటలు వాడిందో చూడండి. ఇక్కడ వృక్షము. అపొస్తలుల కార్యములు 5వ అధ్యాయంలో యేసును వేలాడదీసింది "మ్రానున". 16వ అధ్యాయంలో చెరసాలలో పౌలు సీలల కాళ్లకు వేసింది "బొండ", అంటే కాళ్లు బిగించే కొయ్య. యేసును పట్టుకోవడానికి గెత్సేమనేకు వచ్చిన జనం చేతుల్లో "గుదియలు", అంటే దుడ్డుకర్రలు. నాలుగుచోట్లా గ్రీకులో క్సులోనే. తెలుగు చదివేవారికి అర్థం చక్కగా అందుతుంది, కానీ జీవమిచ్చే చెట్టుకూ యేసు వేలాడిన మ్రానుకూ మధ్య గ్రీకు పాఠకుడి చెవికి వినిపించే బంధం తెగిపోతుంది. "జీవపు మ్రాను" అని ఉంటే ఎంత బాగుండేదో అని నాకు అనిపిస్తూ ఉంటుంది. మ్రాను మనకు చెట్టూ అవుతుంది, కొయ్యా అవుతుంది. భయంతో కదల్లేక నిలిచిపోతే "మ్రాన్పడ్డాడు" అనేది ఆ కొయ్యతనం వల్లే కదా.

తర్వాత వచ్చిన రెండు ప్రశ్నలకు కూడా ఇక్కడే జవాబు రాస్తున్నాను.

"ఆ ప్రతి ఇప్పుడుందా?" ఉంది. చాలాకాలం ఎక్కడుందో తెలియలేదు. 1861లో జర్మన్ పండితుడు ఫ్రాంజ్ డెలిచ్, మైహింగెన్‌లో ఒక రాజవంశపు గ్రంథాలయంలో దాన్ని గుర్తుపట్టాడు. ఇప్పుడు ఆగ్స్‌బర్గ్ విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో భద్రంగా ఉంది. అది దొరికాకే ఎరాస్మస్ ఏ మాట ప్రతిలో చూసి తీసుకున్నాడో, ఏది సొంతంగా రాశాడో పోల్చి చూసే వీలు కలిగింది.

"పాలులేకుండ అంటే ఏమిటి, పిల్లలు నవ్వుతున్నారు" అని ఒక అమ్మ రాశారు. అమ్మా, ఇది తాగే పాలు కాదు, వాటా. పాలుపంచుకోవడం, సగపాలు, పాలివాళ్లు అన్న మాటల్లో ఉన్నది ఇదే. గ్రీకులో అక్కడున్న "మెరోస్"కు సరిగ్గా సరిపోయిన తెలుగు మాట. పిల్లలకు సగపాలు గుర్తుచేసి చెప్పండి, వెంటనే పట్టుకుంటారు.

ఇక నా ప్రశ్న. మా ఇంట్లో ఎండిపోయి నిలబడ్డ చెట్టునే మాను అనేవారు. మీ వైపు పచ్చగా ఉన్న చెట్టును కూడా మాను అంటారా?