50 క్యాలిబర్ మజిల్‌లోడర్: మొదటి షాట్ బాగుంటుంది, తర్వాత గురి చెదిరిపోతోంది

సస్క్వెహానా_తీరం:
అందరికీ నమస్తే. పెన్సిల్వేనియాలో ఉంటాను. అక్టోబర్‌లో కొమ్ముల్లేని జింకలకి ఇచ్చే మజిల్‌లోడర్ (మందూ బుల్లెట్టూ గొట్టం మూతి నుంచి దించి నింపే తుపాకీ) సీజన్ కోసం 50 క్యాలిబర్ ఇన్‌లైన్, అంటే ప్రైమర్ సరిగ్గా మందు వెనకే ఉండే కొత్తరకం తీసుకున్నాను, పైన స్కోప్ ఉంది. 50 గ్రెయిన్ల (గ్రెయిన్ అంటే మందుకీ బుల్లెట్‌కీ వాడే చిన్న కొలత) పైరోడెక్స్ పెల్లెట్లు, అంటే నల్లమందుకి బదులు వాడే మందు బిళ్లలు రెండు, సాబోలో (ప్లాస్టిక్ తొడుగు) 250 గ్రెయిన్ల బుల్లెట్, మందు అంటించడానికి 209 ప్రైమర్ వాడుతున్నాను. 100 గజాల్లో మొదటి షాట్ మధ్యకి దగ్గర్లోనే పడుతుంది, రెండోది కుడికి జరుగుతుంది, నాలుగోది వచ్చేసరికి ఎక్కడ పడుతుందో చెప్పలేను, పైగా బుల్లెట్ దించడానికి బాగా బలం పెట్టాల్సి వస్తోంది. ఇప్పుడు స్కోప్ తిప్పాలా, లోపం ఇంకెక్కడైనా ఉందా? జింకని గాయపరిచి వదిలేయడం నాకు అస్సలు ఇష్టం లేదు, గురి కుదిరాకే అడవిలోకి వెళ్తాను.

మందు_గుండు:
స్కోప్ ముట్టుకోకు తమ్ముడూ. దించడానికి బలం పెట్టాల్సి వస్తోందన్నావు కదా, జబ్బు అక్కడే ఉంది. పైరోడెక్స్ కాలితే గొట్టం లోపల మసి పేరుకుంటుంది, మొదటి షాట్‌కి ఉన్న గొట్టం నాలుగో షాట్‌కి లేదు, ఇక బుల్లెట్ ఒకేచోట ఎలా పడుతుంది? ప్రతి షాట్ తర్వాత కొద్దిగా తడిపిన గుడ్డముక్క ఒకసారి దించి తీసి, తిరగేసి మళ్లీ దించు, ఆపైన పొడి గుడ్డ. తడి అంటే చెమ్మ మాత్రమే, నీళ్లు కారేంత తడిపితే నిప్పు వెళ్లే రంధ్రంలోకి దిగి మందు ఆలస్యంగా అంటుకుంటుంది. ట్రిగ్గర్ నొక్కాక పేలకపోతే గొట్టం టార్గెట్ వైపే ఉంచి కనీసం ఒక నిమిషం కదలకుండా ఆగాలి, దీంట్లో ఎవరికీ మినహాయింపు లేదు.

ఇంకోటి, రాడ్ మీద గీతలు పెట్టుకో. ఖాళీ గొట్టంలో అడుగు దాకా దించి అంచు దగ్గర మార్కర్‌తో ఒక గీత, నీ మందూ బుల్లెట్టూ పూర్తిగా దిగాక ఇంకో గీత. నింపినప్పుడల్లా రెండో గీత సరిగ్గా అంచుకి రావాలి. అర అంగుళం పైన ఆగిందంటే బుల్లెట్‌కీ మందుకీ మధ్య ఖాళీ ఉన్నట్టే, గురి సంగతి సరే, గొట్టం ఉబ్బొచ్చు, పగలనూ వచ్చు. అలా ఉండగా పేల్చొద్దు. దించేటప్పుడు పెల్లెట్లు నలిగేలా పోట్లు పొడవకు, ప్రతిసారీ ఒకే ఒత్తిడి.

రేంజ్‌కి వెళ్లగానే మందు వేయకముందు ఒక ప్రైమర్ ఊరికే పేల్చు. గొట్టం చివర నేలమీది ఎండుటాకు వైపు పెట్టి చూడు, ఆకు కదిలితే దారి తెరిచి ఉన్నట్టు, నూనె కూడా కాలిపోతుంది.

రెండు_క్లిక్కులు:
అన్న చెప్పింది ముందు చెయ్, ఆ తర్వాతే స్కోప్. 100 గజాల నుంచి మొదలుపెట్టొద్దు, 25 గజాల్లో పెద్ద కాగితం పెట్టి ఇసుక సంచుల మీద ఆనించి కొట్టు. స్కోప్‌లు ఎక్కువగా 100 గజాల దగ్గర క్లిక్‌కి పావు అంగుళం జరుగుతాయి, అంటే 25 గజాల్లో ఒక అంగుళం జరపాలంటే 16 క్లిక్కులు. ఇక్కడే చాలామంది నాలుగు తిప్పి స్కోప్ పాడైందనుకుంటారు. మధ్యకి వచ్చాక 50, ఆ తర్వాత 100. ఒక్క షాట్ చూసి తిప్పకు, మూడు కొట్టి వాటి మధ్యబిందువు చూసి తిప్పు, మధ్యలో గొట్టం చల్లారనివ్వు. స్కోప్ మౌంట్ స్క్రూలు కూడా ఒకసారి చూసుకో.

నా మాట వింటే పెల్లెట్లు వదిలేసి పొడి మందుకి మారు. 80 దగ్గర మొదలుపెట్టి ఐదేసి గ్రెయిన్లు పెంచుతూ ఏ కొలతకి కాగితం మీద రంధ్రాల గుంపు చిన్నగా వస్తుందో చూడొచ్చు, నీ తుపాకీ పుస్తకంలో రాసిన గరిష్ఠం మాత్రం దాటకూడదు. మందు విషయంలో ఈ గ్రెయిన్లు కొలత గొట్టంతో కొలిచేవి, తూకం కాదు. మామూలు తూటాల్లో ఉండే పొగలేని మందు పొరపాటున కూడా వేయొద్దు.

సస్క్వెహానా_తీరం:
చాలా థాంక్స్ ఇద్దరికీ. క్రిస్మస్ తర్వాత వచ్చే ఫ్లింట్‌లాక్ (చెకుముకి రాయితో మందు అంటించే పాతరకం తుపాకీ) సీజన్ మీద కూడా మనసుంది. దానికి స్కోప్ ఉండదు కదా, గురి ఎలా కుదురుస్తారు?

చెకుముకి_తుపాకీ:
అదీ పెన్సిల్వేనియాలోనే మొదలుపెట్టాలి, 18వ శతాబ్దంలో లాంకాస్టర్ చుట్టుపక్కల జర్మన్ కమ్మర్లు పొడుగు రైఫిళ్లు చేసిన నేల అది. నేను 50 క్యాలిబర్‌లో .490 అంగుళాల సీసం గుండు, దాని చుట్టూ .015 అంగుళాల మందం గుడ్డ వాడతాను. గుండు ఎటు జరగాలో వెనక సైట్ అటే జరపాలి, ముందు సైట్ అయితే దానికి ఎదురు దిక్కు. ఎంత అనేది లెక్కే: రెండు సైట్ల మధ్య 30 అంగుళాలు ఉండి, 50 గజాల్లో, అంటే 1800 అంగుళాల దూరంలో, గుండు 3 అంగుళాలు పక్కకి పడితే సైట్ జరగాల్సింది 0.05 అంగుళం. మిల్లీమీటరు కంటే కాస్త ఎక్కువ, అంతే! కిందకి పడుతుంటే ముందు సైట్‌ని ఆకురాయితో కొంచెం కొంచెంగా అరగదీయాలి. అరగదీసింది మళ్లీ రాదు కాబట్టి మందు కొలత, గుడ్డ మందం ఖాయమయ్యాకే ఆకురాయి పట్టుకోండి. ఇక చెకుముకి రాయి కొట్టాక గుండు బయటికి రావడానికి క్షణం పడుతుంది, ముఖం ముందు మెరుపు వచ్చినా గుండు తగిలేదాకా తల ఎత్తకూడదు.

మందు_గుండు:
ఇంకొక్కటి మర్చిపోకు తమ్ముడూ, రేంజ్ నుంచి వచ్చిన రోజే వేడి సబ్బునీళ్లతో కడిగి, బాగా ఆరబెట్టి నూనె రాయి. పైరోడెక్స్ మసి గాలిలో తేమ లాగుతుంది, ఒక్క రాత్రి వదిలేసినా తుప్పు మొదలవుతుంది. తుప్పు పట్టి గొట్టం గుంటలు పడితే నువ్వు కుదిర్చిన ఈ గురి ఏదీ నిలవదు.